కుడికి తిరగాలంటే ముందు ఎడమకి

(వేసవి సెలవుల్లో ఒక ఊరి గ్రంథాలయంలో తల్లిదండ్రుల కోసం పెట్టిన సమావేశంలో, రిటైరైన ఫిజిక్స్ టీచరమ్మ చేసిన ప్రసంగం ఇది.)

అందరికీ నమస్కారం. మైకు తీసేయండి, అక్కర్లేదు. 33 ఏళ్ళు క్లాసుల్లో అరిచిన గొంతు ఇది, ఫ్యాను శబ్దం దీనికో లెక్క కాదు. వెనకున్నవాళ్ళకి వినపడుతోందా? సరే.

పిల్లలకి సైకిలు నేర్పడం గురించి మాట్లాడమన్నారు. ముందు నేనొక ప్రశ్న అడుగుతాను. ఇక్కడ సైకిలు వచ్చినవాళ్ళు చేతులెత్తండి. ఆఁ, దాదాపు అందరూ ఉన్నారు. మీరు సైకిలు మీద పోతున్నారు. కుడివైపు సందులోకి తిరగాలి. హ్యాండిల్ మొట్టమొదట ఎటు తిప్పుతారు?

(కుడికి... కుడికే కదండీ...)

ఎడమకి తిప్పుతారు. నవ్వకండి, నిజమే చెబుతున్నాను. రవ్వంత తిప్పుతారు, మీకే తెలియనంత. హ్యాండిల్ ఎడమకి తిరగగానే చక్రాలు మీ కిందనుంచి ఎడమకి జరుగుతాయి. కింద చక్రాలు అటు జరిగితే పైన ఒళ్ళు ఇటు, అంటే కుడికి ఒరుగుతుంది. ఒరిగాక హ్యాండిల్ కుడికి వస్తుంది. ఇదంతా రెప్పపాటులో అయిపోతుంది. నమ్మకం లేకపోతే సాయంత్రం ఖాళీ రోడ్డు మీద కాస్త వేగంగా పోతూ, హ్యాండిల్ కుడి కొసని అరచేత్తో మెల్లగా ముందుకి నెట్టి చూడండి. నెట్టినప్పుడు హ్యాండిల్ తిరిగేది ఎడమకి. బండి పోయేది కుడికి. మోటారు సైకిలు ఉన్నవాళ్ళకి ఇంకా బాగా తెలుస్తుంది.

అంటే మనందరికీ సైకిలు వచ్చు గానీ, ఎలా తొక్కుతున్నామో మనకి తెలియదు. ఒంటికి తెలుసు, నోటికి తెలియదు. అయినా పిల్లల వెనకాల పరిగెడుతూ ఆ నోటితోనే చెబుతూ ఉంటాం. "బ్యాలెన్స్ చెయ్యి!" "హ్యాండిల్ కదపకు!" "మెల్లగా, మెల్లగా!" పాపం ఆ పిల్ల ఇవన్నీ పాటించిందే అనుకోండి, ఖాయంగా పడుతుంది. ఎందుకో చెబుతాను గానీ, ముందు మా అన్నయ్య సంగతి చెప్పాలి.

మాది తెనాలి దగ్గర ఒక పల్లెటూరు. ఊరి పక్కనే కాలవ. అన్నయ్యకి పదకొండు, నాకు తొమ్మిది. ఊళ్ళో అద్దె సైకిళ్ళ కొట్టు ఒకటుండేది. గంటకి ఇరవై పైసలు. అప్పుడే కొత్తగా వచ్చాయి, తామరపువ్వు బొమ్మతో ఇత్తడి రంగు ఇరవై పైసల బిళ్ళలు. అది ఖర్చుపెట్టాలంటే మనసొప్పేది కాదు. కొట్టాయన నోటుబుక్కులో పేరు, టైము రాసుకునేవాడు. తండ్రి ఎవరో తెలిస్తేనే సైకిలు ఇచ్చేవాడు. చిన్న సైకిళ్ళు రెండే ఉండేవి, మేం వెళ్ళేసరికి అవి ఉండేవి కావు. ఇక మిగిలింది పెద్ద సైకిలు. 28 అంగుళాల చక్రాలు, ముందు 32 చువ్వలు, వెనక 40, మొత్తం ఇరవై కిలోల ఇనుము. సీటు అన్నయ్య ఛాతీ దాకా వచ్చేది.

దాని మీదికి ఎక్కి కూర్చోవడం జరిగే పని కాదు కదా. అందుకని ఆ రోజుల్లో పిల్లలందరూ ఒక వరసలో నేర్చుకునేవాళ్ళు. ఎవరు కనిపెట్టారో ఏమో గానీ ఊరూరా అదే వరస. మొదట తోసుకుంటూ నడవడం. కొట్టు దగ్గర్నుంచి కాలవగట్టు దాకా నడిపించేసరికి అద్దె గంటలో పావుగంట అయిపోయేది. అది దండగ అని అప్పట్లో ఏడ్చేవాళ్ళం. ఇప్పుడు ఆలోచిస్తే మొదటి పాఠం అదే. ఎటు ఒరిగితే ముందు చక్రం ఎటు తిరుగుతుందో, దాని బరువెంతో, బ్రేకు ఎక్కడుందో అంతా ఆ నడకలోనే చేతులకి తెలిసిపోయేది.

తర్వాత ఎడమకాలు ఎడమ పెడల్ మీద పెట్టి, కుడికాలితో నేలని తన్నుకుంటూ పోవడం. తన్నడం, కాసేపు జారిపోవడం, మళ్ళీ తన్నడం. రెండు మూడు రోజులు ఇదే పని. ఆ జారిపోయేది ముందు ఒక గజం, తర్వాత నాలుగు గజాలు, ఆ తర్వాత ఇక్కడి నుంచి ఆ బీరువా దాకా. అది కుదిరాక కుడికాలు కమ్మీ కిందనుంచి, ఆ మూడుమూలల సందులోంచి దూర్చి అవతలి పెడల్ మీద వేయడం. అదే అడ్డ తొక్కుడు. తెలంగాణలో కైంచీ అంటారు. అందులోనూ ముందు సగం తొక్కుడే. పెడల్ కిందికి ఒకసారి, వెనక్కి ఒకసారి, పూర్తి చుట్టు తిరగదు. ఫ్రీవీలు కిర్రు కిర్రు మంటూ ఉంటుంది. నడుము వంకర, మెడ వంకర, ఒక చెయ్యి హ్యాండిల్ మీద, ఒక చంకలో సీటు. చూసేవాళ్ళకి ఇప్పుడో ఇంకాసేపటికో పడిపోతాడు అనిపిస్తుంది గానీ పడడు. కమ్మీ మీదుగా కాలు వేసింది నెలల తర్వాత. సీటు ఎక్కింది మరుసటి వేసవికి.

ఇంతకీ నేనేం చేసేదాన్నంటే, వెనక క్యారియర్ పట్టుకుని పరిగెత్తేదాన్ని. "ఆడపిల్లవి, నీకెందుకే" అన్నారు. పరికిణీ చువ్వల్లో పడుతుందని ఒక సాకు. తొక్కనివ్వలేదు కాబట్టి చూడటం మాత్రం బాగా చూశాను. ఆ చూసిందాంట్లో సగమే నాకు అప్పుడు అర్థమైంది. మిగతా సగం చాలా ఏళ్ళ తర్వాత, డ్రైస్ గురించి చదివినప్పుడు అర్థమైంది.

కార్ల్ ఫాన్ డ్రైస్ అని జర్మనీ ఆయన. 1817 జూన్ 12న మన్‌హైమ్ ఊళ్ళో ఒక చెక్కబండి ఎక్కి బయల్దేరాడు. రెండు చక్రాలు, ఒకదాని వెనక ఒకటి. కూర్చోవడానికి సీటు, తిప్పడానికి హ్యాండిల్. అంతే. పెడల్ లేదు, చైను లేదు. రెండు కాళ్ళతో నేలని తన్నుకుంటూ పోవడమే. సైకిలు వంశానికి మూలపురుషుడు ఆ బండే. దానికి పెడళ్ళు రావడానికి ఇంకో నలభై, యాభై ఏళ్ళు పట్టింది. 1860ల్లో పారిస్‌లో ముందు చక్రానికి బిగించారు. ఈనాటి సైకిలు రూపు 1885లో ఇంగ్లండులో కోవెంట్రీ ఊళ్ళో స్టార్లీ చేసిన రోవర్‌తో వచ్చింది. గాలి టైరు 1888లో. అది కూడా బెల్ఫాస్ట్‌లో డన్‌లప్ అనే పశువుల డాక్టరు తన కొడుకు మూడుచక్రాల బండి కోసం చేసింది. పిల్లాడి బండి గతుకుల్లో ఎగురుతోందని చేసిన పని ప్రపంచానికంతా పనికొచ్చింది.

నేను చెప్పొచ్చేదేమిటంటే, మనుషులు రెండు చక్రాల మీద పడకుండా పోవడం ముందు నేర్చుకున్నారు. తొక్కడం తర్వాతెప్పుడో వచ్చింది. మా అన్నయ్య కాలవగట్టు మీద ఎడమకాలు పెడల్ మీద పెట్టి కుడికాలితో తన్నాడు చూశారా, అది డ్రైస్ బండే. ఆ వరస ఎవరూ నేర్పలేదు. సైకిలు పెద్దది, కాళ్ళు పొట్టివి, ఇంకో దారి లేదు.

ఇప్పుడు మనం ఏం చేస్తున్నాం? బుజ్జి సైకిలు కొని, వెనక చక్రానికి అటూ ఇటూ రెండు బుల్లి చక్రాలు బిగించి ఇస్తున్నాం. ముందు తొక్కడం నేర్చుకో, బ్యాలెన్స్ తర్వాత చూద్దాం అని. వరస తిరగేశాం. అయినా తొక్కడంలో నేర్చుకోవడానికి ఏముందండీ? మూడేళ్ళ పిల్ల మూడుచక్రాల బండి తొక్కేస్తుంది.

మా మనవరాలి సంగతి చెబుతాను. హైదరాబాదులో అపార్ట్‌మెంటు. పదహారు అంగుళాల గులాబీ రంగు సైకిలు, ముందు బుట్ట, హ్యాండిల్ కొసలకి జూలు. ఏడాదిన్నర పాటు సెల్లార్లో ఆ బుల్లి చక్రాలతో గిరగిరా తిరిగింది. ఇక వచ్చేసినట్టే అనుకుని ఒక ఆదివారం వాటిని తీసేశారు. మా అల్లుడు సీటు పట్టుకుని వెనక పరిగెడుతున్నాడు. నిటారుగా పోయినంతసేపు బాగానే ఉంది. స్తంభం దగ్గర కుడికి తిరగాలి. పిల్ల హ్యాండిల్ టక్కున కుడికి తిప్పింది. ఎడమవైపు దభాలున పడింది. మోచెయ్యి గీసుకుపోయింది. "అలా ఎందుకు తిప్పావే, ఎన్నిసార్లు చెప్పాను" అని కేకలు. పిల్ల తప్పేముంది? ఏడాదిన్నరగా ఆ బుల్లి చక్రాలు నేర్పింది అదే. అవి ఉంటే బండి ఒరగదు. ఒరగని బండిని కుడికి తిప్పాలంటే హ్యాండిల్ కుడికే తిప్పాలి, రిక్షాలాగా. అవి తీసిన క్షణం నుంచి లెక్క తిరగబడుతుంది. నేర్చుకున్నదంతా ముందు మర్చిపోవాలి, ఆ తర్వాతే కొత్తది. ఏడుపు రాదూ మరి?

ఇందాకటి మూడు మాటల దగ్గరికి వద్దాం. చిన్నప్పుడు చీపురుకట్ట అరచేతిలో నిలబెట్టే ఆట ఆడారా? చీపురు కుడికి పడబోతే చెయ్యి ఎటు జరుపుతారు? కుడికి. పడబోయే వైపే చెయ్యి పోవాలి. సైకిలు కూడా ఆ చీపురే, చక్రాలు అరచెయ్యి. ఒరిగిన వైపుకి హ్యాండిల్ తిరిగితే చక్రాలు మళ్ళీ ఒంటి కిందికి వచ్చి నిలబెడతాయి. అలాంటిది "హ్యాండిల్ కదపకు" అంటే, "చీపురు నిలబెట్టు గానీ చెయ్యి కదపకు" అన్నట్టు. హ్యాండిల్ కదలకుండా బిగించేస్తే సర్కస్ వాడైనా పడిపోతాడు.

"మెల్లగా" అనడం మనకి భయం వల్ల. కానీ నెమ్మదిగా పోయేటప్పుడు హ్యాండిల్ ఎంత తిప్పినా చక్రాలు పక్కకి జరిగేది తక్కువ. అందుకే వంకరటింకరగా ఊగుతుంది. ఏ సైకిలైనా ఆగబోయేటప్పుడే కదా పడేది. పిల్లకి చెప్పాల్సింది చెబితే గిబితే, "ఇంకొంచెం జోరుగా తన్ను" అని. ఇక "బ్యాలెన్స్ చెయ్యి" అనే మాట. అదేదో కదలకుండా పట్టుకుని కూర్చునే వస్తువు అన్నట్టు చెబుతాం. సైకిలు తొక్కడమంటే కొంచెం కొంచెంగా పడుతూ, పడ్డ ప్రతిసారీ పట్టుకోవడం. ఇది చెబితే వచ్చేది కాదు, ఒళ్ళు వెతుక్కోవాలి.

ఇక్కడ నా తప్పు కూడా ఒకటి ఒప్పుకోవాలి. బొంగరం తిరిగినంతసేపూ పడదు, అలాగే చక్రం తిరిగినంతసేపూ సైకిలు పడదు అని చాలా ఏళ్ళు పాఠం చెప్పాను. రాసిన పిల్లలకి మార్కులు కూడా వేశాను. 1970లోనే డేవిడ్ జోన్స్ అనే బ్రిటిష్ శాస్త్రవేత్త ముందు చక్రం పక్కన ఇంకో చక్రం బిగించి, దాన్ని ఎదురు దిక్కులో తిప్పి, ఆ బొంగరం గుణం చెల్లుకు చెల్లు అయ్యేలా చేసి చూశాడు. ఆ సైకిలునీ తొక్కగలిగాడు. 2011లో నెదర్లాండ్స్, అమెరికా పరిశోధకులు కలిసి ఒక చిన్న బండి చేశారు. అందులో బొంగరం గుణం లేదు, ముందు ఫోర్కు అమరిక వల్ల వచ్చే సాయమూ లేదు. మనిషి లేకుండా తోసి వదిలేస్తే తనంతట తనే నిలబడి దొర్లింది. బరువులు అమర్చిన తీరు వల్ల, పడబోయిన వైపుకే ముందు చక్రం తిరిగింది. మనం చిన్నప్పుడు ఖాళీ సైకిలుని గట్టిగా తోసి వదిలి, అదెంత దూరం పోతుందో పందేలు కట్టేవాళ్ళం గుర్తుందా, అదే.

(అమ్మా, మీరెప్పుడు నేర్చుకున్నారు?)

నేనా? 33 ఏళ్ళప్పుడు. 1992లో ఒక హైస్కూలుకి బదిలీ అయింది. మేముండే ఊరికి ఆరు కిలోమీటర్లు. బస్సు పొద్దున ఒకటి, సాయంత్రం ఒకటి, అదీ దాని ఇష్టం. నా క్లాసు ఆడపిల్లలు నలుగురు సైకిళ్ళ మీద వచ్చేవాళ్ళు. ఆలస్యమైందని వాళ్ళని క్లాసు బయట నిలబెట్టేదాన్ని. ఒకరోజు నాకే ఆలస్యమైంది. వాళ్ళు లోపల, నేను బయట. సాయంత్రం బడి వదిలాక గ్రౌండులో వాళ్ళే నేర్పారు నాకు. చీర కుచ్చిళ్ళు ఎగ్గట్టి, లేడీస్ సైకిలు మీద. తొమ్మిదో క్లాసు పిల్లలు "టీచర్, తన్నండి టీచర్, తన్నండి" అంటుంటే తన్నాను. గమనించండి, వాళ్ళు కూడా నాకు ముందు తన్నడమే నేర్పారు.

దాదాపు అదే రోజుల్లో తమిళనాడులో, పుదుక్కోట జిల్లాలో అక్షరాస్యతా ఉద్యమం సైకిలు ఎక్కింది. షీలారాణి చుంకత్ అని అప్పటి కలెక్టరు, చదువుతో పాటు ఆడవాళ్ళకి సైకిలు కూడా నేర్పించాలని పట్టుబట్టారు. వేలాదిమంది పల్లెటూరి ఆడవాళ్ళు నేర్చుకున్నారు. అక్కడి విశేషం ఒకటి చెబుతాను. చాలామంది లేడీస్ సైకిలు వద్దని మగవాళ్ళ సైకిలే కోరుకున్నారట. ఎందుకంటే కమ్మీ మీద పిల్లని కూర్చోబెట్టుకోవచ్చు. అదే అక్షరాస్యతా ఉద్యమం మన నెల్లూరు జిల్లాలో సారా మీద పోరాటమైంది, అక్కడ సైకిలైంది. ఈ రెండూ పక్కపక్కన పెట్టి ఎవరైనా వివరంగా రాస్తే బాగుండునని నాకెప్పుడూ ఉంటుంది. సరే, అది ఇంకో రోజు.

మనవరాలి దగ్గరికి వస్తాను. మోచేతికి కట్టు కట్టాక ఇక సైకిలు ఎక్కనంది. నేను వెళ్ళింది ఆ వారంలోనే. రాత్రి అందరూ పడుకున్నాక రెండు పెడళ్ళూ విప్పేసి హ్యాండ్‌బ్యాగులో వేసుకున్నాను. సీటు అట్టడుగుకి దించేశాను, కూర్చుంటే రెండు పాదాలూ మడమలతో సహా నేలకి ఆనాలి. పొద్దున్నే ఆరింటికి సెల్లార్లోకి కాకుండా కాలనీ పార్కు పక్కన సందులోకి తీసుకెళ్ళాను. కాస్త వాలుగా ఉంటుంది ఆ రోడ్డు, మరీ ఏటవాలు కాదు.

"అమ్మమ్మా, పెడల్స్ ఏవి?"

"నా బ్యాగులో ఉన్నాయి."

"మరి ఎలా తొక్కాలి?"

"తొక్కొద్దు. కూర్చుని నడువు."

నడిచింది. మొదటి రోజు నడకే. పార్కు చుట్టూ తిరిగే పెద్దాయన ఒకరు ఆగి, "పెడల్ ఊడిపోయినట్టుందమ్మా, మెయిన్ రోడ్డు మీద మెకానిక్ ఉన్నాడు" అని చెప్పి వెళ్ళారు. మర్నాడూ ఆగి అదే చెప్పారు. బ్రేకు మాత్రం మొదటి రోజే నేర్పాను. ఆపడం వస్తే సగం భయం పోతుంది. పిల్లల వేళ్ళకి బ్రేకు అందదు, అక్కడ చిన్న స్క్రూ ఉంటుంది, తిప్పితే దగ్గరికి వస్తుంది. కొన్న షాపులో ఎవరూ ఈ ముక్క చెప్పరు. రెండో రోజు నడక కాస్తా పరుగైంది. మధ్యమధ్యలో రెండు కాళ్ళూ ఎత్తేసి జారడం మొదలుపెట్టింది. నేను ముట్టుకోలేదు. మీరు పట్టుకుని తీరాలనుకుంటే పిల్ల భుజాలో చంకలో తేలిగ్గా పట్టుకోండి. హ్యాండిల్ మాత్రం పట్టుకోవద్దు. మీరు పట్టుకుంటే ఒరుగుడు సరిచేసేది మీరు, నేర్చుకునేది కూడా మీరే.

రెండో రోజు సాయంత్రం ఏదో కుదరక ఏడ్చింది. ఆపేసి ఇంటికి తీసుకొచ్చాను. రాత్రి రానిది పొద్దుటికి వచ్చేయడం మీరూ చూసే ఉంటారు. ఒంటితో నేర్చుకున్నవి నిద్రలో గట్టిపడతాయి, అలసిపోయిన పిల్లని ఇంకో పది రౌండ్లు తిప్పడం దండగ. మూడో రోజు ఆ పిల్లే మలుపు తిరిగింది, కాళ్ళు గాల్లో పెట్టుకుని. ఎలా తిరిగావే అంటే, "ఏమో" అంది. నాకు ఆ జవాబు చాలు. నాలుగో రోజు పెడళ్ళు బిగించాం. అల్లుడు ఫోను పట్టుకుని వీడియో తీద్దామని వచ్చేలోపే పార్కు మూల దాటిపోయింది.

(మేం ఎదిగే పిల్లాడు కదా అని ఇరవై అంగుళాలది కొన్నామండీ. వాడికి అయిదేళ్ళు.)

తెలుసు నాకు. చొక్కా రెండు సైజులు పెద్దది కొంటాం, చెప్పులు కూడా పెద్దవే. చొక్కా పెద్దదైతే చేతులు మడవొచ్చు. సైకిలు మడవలేం. పాదాలు నేలకి అందకపోతే పిల్లాడి ధ్యాసంతా పడతాననే దాని మీదే ఉంటుంది. ఎవరి దగ్గరైనా పదహారు అంగుళాలది పాతది అడిగి తెచ్చుకోండి, ఈ ఇరవైది రెండేళ్ళు ఆగనివ్వండి. మా అన్నయ్య పెద్దదాని మీద నేర్చుకున్నాడు కదా అంటారేమో. ఆ సైకిలుకి పెడల్ మీద నిలబడి నేలని తన్నే వీలుంది, అన్నయ్యకి పదకొండేళ్ళు. అయిదేళ్ళ పిల్లాడు దాన్ని నిలబెట్టనుకూడా లేడు.

దెబ్బల గురించి ఒక్క మాట. మోకాలు గీసుకుంటే భయపడకండి. హెల్మెట్ కనుబొమలకి రెండు వేళ్ళ పైన ఉండాలి, పడుచు పిల్లల కొప్పులా వెనక్కి వేలాడకూడదు. నాకు అసలు భయం తొక్కే పిల్లల గురించి కాదు, వెనక క్యారియర్ మీద కూర్చునే పిల్లల గురించి. కాళ్ళు ఊపుకుంటూ కూర్చుంటారు, మడమ చువ్వల్లో పడుతుంది. చిన్న దెబ్బ కాదది, చర్మం ఊడి వస్తుంది. చెల్లెల్ని ఎక్కించుకుని తిప్పుతానని పెద్దపిల్ల అంటే, చువ్వలకి జాలీ కట్టించండి, కాళ్ళు పెట్టుకోవడానికి ఫుట్‌రెస్ట్ వేయించండి, ఆ తర్వాతే ఎక్కించనివ్వండి.

ఇక చాలు. బయట వేపచెట్టు కింద సైకిళ్ళు నాలుగు పెట్టించాను, మీ పిల్లలు అప్పుడే వాటి చుట్టూ మూగారు. పదిహేనో నంబరు స్పానరు నా బ్యాగులో ఉంది. కుడి పెడల్ మామూలు మరే. ఎడమ పెడల్‌కి మర తిరగేసి ఉంటుంది, మామూలుగా విప్పబోతే ఇంకా బిగుసుకుంటుంది. కిందటి ఏడాది ఒక నాన్నగారు స్పానరు మీద ఎక్కి నిలబడ్డారు. గుర్తుపెట్టుకోవడానికి సులువు చెబుతాను. స్పానరు పైకి నిలబెట్టి వెనక చక్రం వైపు లాగండి, ఏ పక్క పెడల్ అయినా ఊడుతుంది. ఊడినవి మాత్రం పిల్లలకి ఇవ్వకండి, మీ జేబులో వేసుకోండి. రండి, ఎవరు విప్పుతారు ముందు?